ఎక్కడ ఆపాలన్నదే అసలు విద్య

పిల్లల ఉత్కంఠ కథలను టెలివిజన్ కోసం కూర్చే ఎడిటర్ చేతికి గంటల కొద్దీ చిత్రీకరించిన దృశ్యాలు అందుతాయి గానీ, తలుపు తెరుచుకునే ముందు నిశ్శబ్దం ఎంతసేపు ఉండాలి, దాని వెనుక ఉన్నదాన్ని ఈ వారమే చూపాలా, వచ్చే వారానికి దాచాలా అన్నది మాత్రం కూర్పు గదిలోనే తేలుతుంది. ఒక దృశ్యాన్ని తెంపి మరొకటి అతికే ఆ చోటును ‘కట్’ అంటారు. పిల్లల్లో భయం పుట్టేదీ, చల్లారిపోయేదీ అక్కడే. 1963 నవంబరు 23న బీబీసీ ప్రారంభించిన ‘డాక్టర్ హూ’ ధారావాహిక తొలినాటి భాగాలు సాధారణంగా ఏదో ఒక ఆపద దగ్గర ఆగేవి, తరువాతి భాగం ఆ చివరి క్షణాలనే మళ్లీ చూపి కథను అందుకునేది.

తెలుగులో ఈ విద్య ముందుగా అచ్చులో స్థిరపడింది. 1952లో పిల్లల మాసపత్రిక ‘చందమామ’ సంపాదకవర్గంలో చేరి అర్ధశతాబ్దికి పైగా అక్కడే పనిచేసిన దాసరి సుబ్రహ్మణ్యం, 1954లో ‘తోకచుక్క’తో మొదలుపెట్టి ‘మకరదేవత’, ‘కంచుకోట’, ‘రాకాసిలోయ’ వంటి ధారావాహికలు రాశారు. నాయకుణ్ణి ప్రమాదంలో నిలిపి ఒక నెల భాగం ముగిస్తే, మరుసటి నెల భాగం జరిగిన కథను క్లుప్తంగా గుర్తుచేసి, దాచిన జవాబును దాటవేయకుండా చెప్పేది. వాటిపై ఆయన పేరు ఉండేది కాదు. తెర మీద ఎడిటర్ పేరు రెండు క్షణాలైనా మెరుస్తుంది, ఆయనకు అదీ దక్కలేదు. ఆయన 2010లో కన్నుమూశారు.

ఇంకా వెనక్కి వెళితే, జనగామ జిల్లా మాణిక్యపురానికి చెందిన చుక్క సత్తయ్య (2017లో మరణించారు) పేరు తెచ్చిన ఒగ్గుకథ ఉంది. మల్లన్న, బీరప్ప, ఎల్లమ్మల కథలను డోళ్లు, తాళాల మధ్య ఆడి పాడి చెప్పే ఈ కళలో, కథకుడు కథను బిగువైన చోట ఆపి దరువుకు చోటిస్తాడు. ఆ విరామం ఎంతసేపో ఎదుట కూర్చున్నవారి ముఖాలే చెబుతాయి. ఎడిటర్‌కు లేనిది సరిగ్గా ఆ ముఖాలే. అందుకే కాబోలు నేటి దినసరి ధారావాహికల్లో ఒకే ముఖాన్ని ఉరుము చప్పుడుతో మూడుసార్లు చూపడమే ఉత్కంఠగా చెలామణి అవుతోంది. అది కాలయాపన మాత్రమే, పిల్లలు దాన్ని ఇట్టే పసిగడతారు.

ఆ ముఖాలు ఎడిటర్‌కూ కనబడాలంటే, పిల్లల ధారావాహికలు తీసే హైదరాబాదు సంస్థలు తమ తొలి కూర్పును, అంటే ‘రఫ్ కట్’ను, జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి బడుల్లో ఒక్క తరగతికైనా చూపి, ఏ క్షణంలో పిల్లలు తెర మీది నుంచి చూపు తిప్పుకున్నారో రాసుకున్నాకే తుది కత్తెర పట్టాలి.