కళాపూర్ణోదయంలో మాయ: ‘కవిత్వతత్త్వ విచారము’ దృష్టి, దాని పరిమితి

ఆధునిక తెలుగు విమర్శకు పునాది వేసిన గ్రంథాలలో కట్టమంచి రామలింగారెడ్డి ‘కవిత్వతత్త్వ విచారము’ (1914) ముఖ్యమైనది. పింగళి సూరన కళాపూర్ణోదయాన్ని లక్ష్యంగా గ్రహించి కవిత్వ స్వరూపాన్ని చర్చించడం ఆ గ్రంథ పద్ధతి. పురాణేతిహాసాల నుండి వస్తువును స్వీకరించడం పరిపాటి అయిన ప్రబంధయుగంలో, 16వ శతాబ్దికి చెందిన సూరన ఎనిమిది ఆశ్వాసాల కథను స్వయంగా కల్పించాడు. ద్వారక, నారదుడు, రంభ వంటి పరిచిత నామాలు ఉన్నప్పటికీ వాటి చుట్టూ అల్లిన లోకం కల్పితం. కామరూపం, దూరశ్రవణం, పూర్వజన్మస్మృతి, శాపం, వరం లేకపోతే ఆ లోకంలో కథ ఒక్క అడుగైనా కదలదు. అందువల్ల మాయకు ఈ విమర్శ గ్రంథం ఏ స్థానం ఇచ్చిందన్నది పరిశీలించదగిన ప్రశ్న.

రామలింగారెడ్డి విమర్శకు ఆయువుపట్టు భావనాశక్తి. వర్ణనల రాశిని బట్టి కాక, కల్పనలోని జీవం, కథాంగాల పొందిక, ఔచిత్యం ఆధారంగా కావ్యాన్ని తూచాలన్నది ఆయన నిలిపిన ప్రమాణం. అలంకారాల పట్టికగా మారుతున్న కావ్యపరామర్శకు ఈ ప్రమాణం కొత్త దారి చూపింది. సూరనకు ఆధునిక పాఠకులలో దక్కిన గౌరవానికి ఈ గ్రంథం చేసిన దోహదం సామాన్యమైనది కాదు. అయితే ఈ ప్రమాణంలో అద్భుతం ప్రధానంగా కవి ప్రతిభకు సాక్ష్యంగా నిలుస్తుంది. కథ లోపల ఆ అద్భుతం ఏ నియమంతో పనిచేస్తుంది, దాని ఫలం ఎవరికి దక్కుతుంది, మూల్యం ఎవరు చెల్లిస్తారు అన్న ప్రశ్నలు వెనుకబడతాయి.

కావ్యంలో మాయకు నియమం ఉంది. నలకూబరునిపై మనసుపడిన కలభాషిణికి నారదుని వల్ల కోరిన రూపం ధరించే శక్తి లభిస్తుంది. ఆమె రంభ రూపం ధరిస్తుంది. అటు రంభను కోరిన మణికంధరుడు నలకూబరుని రూపంలో ఉంటాడు. ఇద్దరికీ రూపాలు దక్కాయి. కోరిన వ్యక్తులు దక్కలేదు. కామరూపం దేహాన్ని మార్చగలదు గాని కోరికకు దాని గమ్యాన్ని చూపలేదన్నది ఈ ఘట్టం స్థాపించే నియమం. మణిస్తంభుడి సిద్ధులదీ ఇదే తీరు. దూరాన జరిగే మాటలు వినగల ఆ సిద్ధుడు కలభాషిణిని సింహవాహనంపై తీసుకుపోయి మృగేంద్రవాహన గుడిలో బలి ఇవ్వబోతాడు. అతడి శక్తి అతడికి దూరాన్ని దగ్గర చేసింది; ఎదుటి మనిషిని మాత్రం బలిపశువుగానే చూపింది.

ఈ నియమాలన్నిటికీ మూలం కావ్యగర్భంలోని బ్రహ్మకథలో ఉంది. బ్రహ్మ సరస్వతికి వినోదంగా చెప్పిన కథే భూలోకంలో మనుషుల జీవితమై జరుగుతుంది. కలభాషిణి మధురలాలసగా పుట్టి, శైశవంలోనే మణిహార ప్రభావంతో ఆ పూర్వవృత్తాంతాన్ని వెల్లడిస్తుంది. అంటే ఈ లోకంలో మాట ముందు, వస్తువు తరువాత. వరం, శాపం రెండూ పలికిన మాటలే. లోకమంతా కూడా పలికిన ఒక కథే. 2002లో వెలువడిన ఆంగ్లానువాదానికి అనుబంధంగా వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్ భాషకు గల సృష్టిశక్తిని ఈ కావ్యానికి కేంద్రంగా నిలిపారు. ఈ దృష్టితో చూస్తే, రామలింగారెడ్డి కోరిన కథాంగాల పొందికను సాధించినది మాయే అని తేలుతుంది. ఆయన ప్రమాణం ఆయన నిర్ణయం కంటే విస్తృతమైనది.

మాటకు ఉన్న ఈ శక్తి కవిగా రామలింగారెడ్డికి అపరిచితం కాదు. విద్యార్థి దశలో, 1899లో రచించిన ‘ముసలమ్మ మరణం’ అందుకు నిదర్శనం. సి.పి.బ్రౌన్ వెలుగులోకి తెచ్చిన అనంతపుర చరిత్ర దానికి ఆధారం. బుక్కరాయసముద్రం చెరువు కట్ట తెగబోతుండగా బసిరెడ్డి చిన్నకోడలు ముసలమ్మను బలి ఇవ్వాలన్న దేవతవాక్కు వినబడుతుంది. ఆమె స్వయంగా వెళ్లి కట్టకు ప్రాణమిస్తుంది. సాలుసరి వర్షం 550 మిల్లీమీటర్ల చుట్టుపక్కల మాత్రమే కురిసే సీమ ఇది. వేదవతి ఒడ్డున ఇసుక మేటలు పొలాల మీదికి జరిగే కణేకల్ వంటి ఊళ్లలో చెరువు నిండటం, నిలవడం బతుకుకు సంబంధించిన విషయం. కట్ట తెగుతుందన్న భయం ఉన్న చోట దేవతవాక్కు కేవల కల్పనగా వినబడదు. అది ఊరి భయానికి వచ్చిన గొంతు.

రెండు కథలను పక్కపక్కన నిలిపినప్పుడు ఒక సామ్యం స్పష్టమవుతుంది. ఎక్కడో పలికిన మాట ఒక స్త్రీ శరీరం మీద అమలవుతుంది. కలభాషిణి దేవతాసన్నిధిలో కత్తి ముందు నిలుస్తుంది. ముసలమ్మ గండిలో దిగుతుంది. భేదం కూడా గమనింపదగినదే. కలభాషిణికి సూరన మరుజన్మను, ఆ జన్మలో కథ చెప్పే అధికారాన్ని ఇచ్చాడు. ముసలమ్మకు మిగిలింది కట్టకు నిలిచిన పేరు.

‘కవిత్వతత్త్వ విచారము’ భావనాశక్తిని విమర్శకు కొలతగా ఇచ్చింది. ఆ కొలత నేటికీ విడువరానిది. దానికి మరొక ప్రశ్నను జతచేయవలసి ఉంది: కల్పిత లోకంలో మాయ ఎవరి మాటతో నడుస్తుంది, ఎవరి ప్రాణంతో నిలుస్తుంది? ప్రబంధాలలోని అద్భుతాన్ని, సీమ చెరువు కట్టల మీది గాథలను ఒకే శాస్త్రదృష్టితో చదవడానికి ఈ ప్రశ్న దారి తీస్తుంది. విమర్శకుడు వెనుకకు నెట్టిన ఆ ప్రశ్నను కవిగా ఆయనే ముందు అడిగి ఉండటం తెలుగు విమర్శ చరిత్రలో గుర్తుంచుకోదగిన అంశం.