గొంతు దించిన నాగయ్య

మా ఊరి తిరునాళ్ల నాటకంలో చిన్నప్పుడు నేనూ ఒక వేషం కట్టాను. మైకు లేదు. చివర చాప మీద కూర్చున్నవాళ్లకూ పద్యం అందాలని గొంతు చించుకునేవాణ్ణి. రిహార్సల్లో హార్మోనియం తాత పెట్టె ఆపి, "ఏందబ్బయా, అంత అరిచేదెందుకు? మాట తెలీనీ" అన్నాడు. ఆ మాటలోని లోతు నాగయ్య నటించిన భక్త పోతన సినిమా చూసినప్పుడు తెలిసింది.

చిత్తూరు నాగయ్య పుట్టింది 1904లో, గుంటూరు సీమ రేపల్లెలో. ఇంటిపేరు వుప్పలదడియం. అది ఇప్పుడు ఎవరికి గుర్తు? రామవిలాస సభ నాటకాలతో ఆయన్ని నటుణ్ణి చేసిన మా చిత్తూరే ఆయనకు ఇంటిపేరైంది. ఆ రోజుల్లో రంగస్థలం మీద రాగం ఎంత సాగదీస్తే అన్ని వన్స్‌మోర్లు. అలాంటి చోట పండిన మనిషి 1938లో గృహలక్ష్మితో సినిమాకు వెళ్లి, మైకు ముందు గొంతు దించారు. నాకు ఆయనలో అన్నిటికన్నా పెద్ద విద్య ఇదే.

కె.వి. రెడ్డి తొలిసారి దర్శకత్వం చేసిన భక్త పోతన 1943లో విడుదలైంది. అందులో నాగయ్య పద్యం పొలంగట్టున కూర్చుని తనలో తాను చెప్పుకుంటున్నట్టుంటుంది. రాగం పక్కకు తప్పుకుని మాటకు దారిస్తుంది. అర్థం తెగేచోటే ఆగుతారు. మైకుకు ఊపిరి కూడా వినబడుతుందనీ, మెడ నరాలు ఉబ్బితే కెమెరా దాచదనీ ఆయన గ్రహించారని నా నమ్మకం. 1946లో త్యాగయ్యకు నటన, దర్శకత్వం, సంగీతం మూడూ ఆయనవే. మరుసటి ఏడు యోగి వేమన. పోతన, త్యాగయ్య, వేమన ముగ్గురూ కవులే అయినా ఒకరి నెమ్మది ఇంకొకరిది కాదు. వేమన నెమ్మదిలో విరక్తి ఉంది, త్యాగయ్య నెమ్మదిలో వేడుకోలు ఉంది.

తర్వాత తండ్రుల వేషాలు, సాధువుల వేషాలు. 1965లో పద్మశ్రీ. అడిగినవాళ్లకల్లా ఇచ్చిన చెయ్యి చివరి ఏళ్లలో ఇబ్బంది పడింది. 1973 డిసెంబర్ 30న వెళ్లిపోయారు. తల్చుకుంటే ఇప్పటికీ మనసు బరువెక్కుతుంది.

మొన్న ఒక పిల్లవాడు పద్యం నేర్చుకోవడానికి వచ్చాడు. చేతిలో మైకు ఉంది, అయినా మెడ నరాలు ఉబ్బాయి. నేను పెట్టె ఆపి, పక్కన కూర్చోబెట్టుకుని, ఫోనులో యోగి వేమన పెట్టాను.