పాములోళ్ల పనితనం

సిద్దిపేట చుట్టుపక్కల ఊళ్లలో ఇంట్లోకి పాము దూరితే, ఒకప్పుడు ఊరి బయట గుడిసెలేసుకున్న పాములోళ్లకే కబురు పోయేది. మామూలు రోజుల్లో వాకిట్లోనే నిలబెట్టి గుప్పెడు బియ్యం పోసేవాళ్లు, ఆ పూట మాత్రం "జర జల్ది రా అన్నా" అని లోపలికి పిలిచేవాళ్లు.

పాములాయన గొప్పంతా నాగస్వరంలో ఉందనుకుంటాం. పాముకు బయటి చెవులే లేవు. పడగ ఊగేది ఆ సొరబుర్ర కదలికను చూసి. అసలు విద్య కంటిలో, చేతిలో ఉంది. దుమ్ములో జాడ చూసి ఏ కన్నంలో దూరిందో పసిగడతాడు. నాగుపామో జెర్రిపోతో తేల్చుకుంటాడు. తోక పట్టి, తలను ఒంటికి దూరంగా ఉంచి, బెదరగొట్టకుండా మెల్లగా బుట్టలోకి దించుతాడు. చుట్టూ మూగిన జనాన్ని ఆపడమే అంతకంటే కష్టం!

కోరలు పీకి ఆడించడాన్ని మాత్రం వెనకేసుకురాలేను. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం ఆ ఆటకు అడ్డుపడటం సబబే. కాకపోతే ఆటతోపాటు విద్యకూ కూడు లేకుండా పోయింది. తమిళనాడులో పాములు పట్టే ఇరుల తెగవాళ్లు మాత్రం 1978లో సహకార సంఘం పెట్టుకున్నారు. పాముల్ని పట్టి, విషం తీసి, మళ్లీ వదిలేస్తారు. పాముకాటు మందుకు ఆ విషమే ముడిసరుకు. 2023లో వాళ్లలో వడివేల్ గోపాల్, మాసి సడయన్‌లకు పద్మశ్రీ వచ్చింది. మన పాములోళ్లలో ఆ ఒడుపు తెలిసినవాళ్లను అటవీశాఖ జీతమిచ్చి పెట్టుకోవచ్చు. వరి కోతలప్పుడు పొలాల్లో వాళ్లకు పని తక్కువేం ఉండదు.