హాప్కిన్స్ నౌకాభంగ కావ్యాలు: కరుణకు ఆలంబనం

బ్రెమెన్ నుంచి న్యూయార్కు వెళ్తున్న డాయిచ్‌లాండ్ ఆవిరినౌక 1875 డిసెంబరులో మంచుతుఫానులో చిక్కి, థేమ్స్ ముఖద్వారం ఆవల కెంటిష్ నాక్ ఇసుకమేటపై కూరుకుపోయింది. మృతులు యాభైమందికి పైనే. జెరార్డ్ మాన్లీ హాప్కిన్స్ మాత్రం తన కావ్యాన్ని వారిలో ఐదుగురు ఫ్రాన్సిస్కన్ సన్యాసినులకే అంకితం చేశాడు. 35 పద్యాలలో మొదటి పది కవి ఆత్మనివేదనకే సరిపోయాయి. పన్నెండవ పద్యానికి గాని నౌక బయలుదేరదు. దృష్టి క్రమంగా క్రీస్తును పిలిచిన ఒక్క సన్యాసినిపై నిలిచిపోతుంది. కింద ఉన్న స్త్రీలను కాపాడబోయి ప్రాణం కోల్పోయిన నావికునికి దక్కినది ఒకే పద్యం. ఇది గొప్ప భక్తికావ్యం, సందేహం లేదు. దీనిని కరుణరసప్రధానమనడం మాత్రం పొసగదు. ఇక్కడ ఆలంబనం మృతులు కారు, మృత్యువును ఆమె గ్రహించిన తీరు.

1878 మార్చిలో వైట్ దీవి సమీపాన మునిగిన యూరిడిసీ శిక్షణనౌకపై రాసిన చిన్న కావ్యాన్ని దీనికి నీడగా చూడడం పరిపాటి. ఆ అంచనాను సవరించుకోవాలి. మూడువందలకు పైగా ఉన్నవారిలో బతికినది ఇద్దరే. దైవాన్ని పిలిచే గొంతు లేనందువల్లనే కాబోలు, కవి శవాన్ని చూడవలసి వచ్చింది: విధినిర్వహణ తీర్చిదిద్దిన దేహం, ఉప్పునీటికీ ఎండగాలికీ రంగుతేలిన చర్మం. ఇంగ్లండు కేథలిక్ మతాన్ని వీడిందన్న వగపు ఇందులోనూ తొంగిచూస్తుంది (ఆ పద్యాలు బలహీనమైనవి). అయినా చివర తల్లికీ, భార్యకూ, ప్రేయసికీ ఏడ్చే హక్కు దక్కింది. డాయిచ్‌లాండ్ మృతుల బంధువులకు ఆ కావ్యంలో ఇంతటి చోటు లేదు.