చిరుగుల చీర ఇంకా ఎన్నాళ్ళు?

అభ్యుదయ కథలోకి పేదరాలు అడుగు పెట్టిందంటే ఆమె చీర చిరిగే ఉండాలి. ఆ చిరుగులోంచి దారిద్ర్యం కనిపించాలి, దొర చూపు అక్కడ నిలవాలి, పాఠకుడి గుండె కలుక్కుమనాలి. ఒకప్పుడు ఇది వాస్తవం. యుద్ధకాలపు బట్టల కరువునూ, గడీల పాలననూ చూసిన రచయితలు కళ్ళతో చూసిందే రాశారు. కాని వాళ్ళు చూసి రాసినదాన్ని ఆ తర్వాతివాళ్ళు చదివి రాశారు. ఇప్పుడది ఒక ముద్ర, సంతకం చేతగాని వాడు వేసే వేలిముద్ర లాంటిది.

జనగామ చుట్టుపక్కల పత్తి ఏరే రోజుల్లో ఒక చేను గట్టున నిలబడి చూడండి. ఏరే ఆడవాళ్ళ ఒంటిమీద చిరుగు కనిపించదు. చీర మీద మగవాళ్ళ పాత చొక్కా, నడుముకు ఒడి, ఆ ఒడిలో పత్తి. ఒంటిమీదున్నది మాత్రం పాలిస్టర్. అది సులభంగా చిరగదు, రంగు పోదు, చెమట పీల్చదు. పత్తి పండించే చేతులకు నూలుచీర కొనే స్తోమత లేదు. ఈ వైరుధ్యం కన్నా పెద్ద కథావస్తువు ఏముంటుంది? చిరుగు కోసం వెదికే కంటికి ఇది ఆనదు. చిరగని చీరను చూసి పేదరికం తగ్గిందనుకునే ప్రమాదం కూడా ఉంది. పేదరికం తగ్గలేదు, గుడ్డ మారింది.

చీరను కావ్యవస్తువుగా చూడటం మనకు కొత్త కాదు. జనగామ జిల్లా పాలకుర్తి పేరు మోసుకు తిరిగే పాల్కురికి సోమనాథుడు వస్త్రాల పేర్లు వరస పెట్టి చెప్పాడు. అలాంటి పట్టికలను ఆధారం చేసుకునే సురవరం ప్రతాపరెడ్డి ఆంధ్రుల సాంఘిక చరిత్ర రాశారు. మన విమర్శకులు ఆ పేర్ల దగ్గరే ఆగిపోయారు. అదే బసవపురాణంలో బట్టలు ఉతికే మడివాలు మాచయ్య ఉన్నాడు, బట్ట నేసే దేదర దాసయ్య ఉన్నాడు. ఎన్నాళ్ళో కష్టపడి నేసిన వస్త్రాన్ని జంగమ వేషంలో వచ్చిన శివుడు చింపిపారేస్తే ఊరుకున్న సాలెవాని కథ అది. భక్తి సంగతి అలా ఉంచండి. గుడ్డ వెనక నేసేవాడూ ఉతికేవాడూ ఉన్నారన్న స్పృహ ఆ శివకవికి ఉంది. ఏడు వందల ఏళ్ళ తర్వాత చీర మీద కవిత్వం చెప్పిన మనవాళ్ళకు అంచు కనిపించింది, జరీ కనిపించింది, మగ్గం గుంత కనిపించలేదు.

ఆ పాలకుర్తిలోనే చాకలి ఐలమ్మ. ఆమె మీద పాటలు, నాటకాలు, బుర్రకథలు ఎన్నో వచ్చాయి. 2024లో హైదరాబాదులోని మహిళా విశ్వవిద్యాలయానికి ఆమె పేరు పెట్టారు. విగ్రహాల్లో కొంగు బిగించి కర్ర పట్టిన ఐలమ్మను చూస్తున్నాం, మంచిదే. అయితే ఆమె కులవృత్తి ఇతరుల బట్టలు ఉతకడమని గుర్తుంచుకుని రాసినవాళ్ళు ఎంతమంది? వెట్టి అంటే నాగలి, బండి, మూట మాత్రమే కాదు. గడీ ఆడవాళ్ళ చీరలు, పురిటి బట్టలు, మైల బట్టలు ఇంకొక ఆడది రేవుకు మోయడం కూడా వెట్టే. తన చీర తాను ఉతుక్కోనవసరం లేనిది ఒకతె, ఊరందరి చీరలూ ఉతకవలసినది ఇంకొకతె. ఇద్దరినీ కలిపి 'భారత స్త్రీ' అని ఒక్క పట్టుచీర చుట్టబెట్టడం ఏ రకం సాహిత్యం? మల్లంపల్లి దొర దగ్గర భూమి కౌలుకు తీసుకుని ఐలమ్మ రేవు దాటి చేనులోకి నడిచింది. విసునూరు దేశ్‌ముఖ్ రామచంద్రారెడ్డికి కంటగింపు అయింది పంట ఒక్కటే కాదు, ఈ నడక కూడా. సంఘం వాళ్ళు నిలబడి ఆ పంటను ఆమె ఇంటికి చేర్చారు. స్త్రీ శక్తి సంఘటన 1986లో వేసిన 'మనకు తెలియని మన చరిత్ర'లో ఐలమ్మ తన మాటల్లోనే దొరుకుతుంది. విగ్రహం చూసి రాసేవాళ్ళు ముందు ఆ పుస్తకం తెరవాలి.

2024 డిసెంబరు 9న సచివాలయంలో కొత్త తెలంగాణ తల్లి విగ్రహం ఆవిష్కరించారు. పాత తల్లికి కిరీటం, పట్టుచీర, చేతిలో బతుకమ్మ. కొత్త తల్లికి కిరీటం లేదు, మామూలు ఆకుపచ్చ చీర, చేతిలో కంకులు. వాదోపవాదాలు హోరెత్తాయి. కిరీటం గురించి విన్నాను, బతుకమ్మ గురించి విన్నాను. ఆ చీర నేసే చేతులు ఏ భివండికి, ఏ సూరత్‌కు వలసపోయాయో మాట్లాడిన గొంతు నా చెవిన పడలేదు.

మహబూబాబాద్ వైపు వస్తే చినగూడూరు దాశరథి రంగాచార్యుల ఊరు. 1969 నాటి ఆయన 'చిల్లర దేవుళ్లు' ఆడబాప వ్యవస్థను నిలబెట్టి చూపించింది. పెళ్ళికూతురి వెంట చీరసారెలు పంపినట్టే ఒక ఆడపిల్లను కూడా పంపేవారు, ఆమె జీవితాంతం ఆ గడీ సొత్తు. సారె అనే మాటలో ఇంత క్రౌర్యం దాగి ఉందని చూపించడమే ఆ నవల సాధించిన పని. అదే మహబూబాబాద్ తండాల్లో ఫేట్యా, కాంచళీ కట్టే లంబాడీ స్త్రీకి చీర తాతల నాటి సంప్రదాయం కాదు, బడి నుంచీ బజారు నుంచీ వచ్చిన పొరుగు వేషం. చీర యావద్భారత స్త్రీ ధర్మం అనేవాళ్ళు ఒక్కసారి తండా గడప తొక్కిరావాలి.

చీర మీద తెలుగులో జరిగిన అసలైన చర్చ పైట గురించి. 'పైటను తగలెయ్యాలి' అన్న జయప్రభ కవిత మీద ఎంత రభస జరిగిందో ఆనాటి పాఠకులకు తెలుసు. పైట కాపలాదారు అన్న ఆమె ఆగ్రహం న్యాయమైనదే, దాన్ని వెటకారం చేసినవాళ్ళ సంస్కారం బయటపడింది కూడా. అయినా ఆ కోపం నాలుగ్గోడల మధ్య పైట సర్దుకునే స్త్రీది. ఇప్పటి భూపాలపల్లి జిల్లా రేగొండ ప్రాంతం నుంచి వచ్చిన జూపాక సుభద్ర కొంగు మీద కవిత రాసి ఆ లెక్కను తిరగరాసింది. నాటు వేసేటప్పుడు నడుముకు బిగిసేది, చెమట తుడిచేది, కూలి డబ్బులు ముడి వేసుకునేది, నెత్తిన బరువు కింద చుట్టకుదురయ్యేది కొంగు. పైట అన్నప్పుడు అది సిగ్గు, కొంగు అన్నప్పుడు అది పనిముట్టు. ఒకే గుడ్డకు రెండు పేర్లు, రెండు బతుకులు. స్త్రీవాదం, దళితవాదం కొట్టుకున్నాయని మాత్రం దీన్ని చదివితే నష్టపోయేది మనమే. అనుభవం మారితే ప్రతీక కూడా మారుతుందని విద్యార్థులకు చెప్పడానికి ఇంతకన్నా మంచి పాఠం నాకు తెలియదు. ఆ భూపాలపల్లిలోనే సింగరేణి గనులున్నాయి. స్త్రీలు భూగర్భ గనిలోకి దిగరాదన్న నిబంధనను 2019లో సడలించారు. యంత్రం దగ్గరికి కొంగుతో వెళ్ళడానికి లేదు. ప్యాంటు, చొక్కా, టోపీ పెట్టుకుని పనికి వెళ్ళే ఆమె మీద కవిత రాసేదెవరు?

2017లో ప్రభుత్వం బతుకమ్మ చీరలు పంచడం మొదలుపెట్టింది. సిరిసిల్ల మరమగ్గాలకు పని దొరికింది. కాదనడానికి లేదు. మొదటి ఏడే నాణ్యత బాగాలేదని కొన్నిచోట్ల ఆడవాళ్ళు ఆ చీరలను తగలబెట్టారు. దాన్ని రాజకీయం అని కొట్టిపారేసినవాళ్ళున్నారు. తనకేది ఇచ్చినా కళ్ళకద్దుకుంటుందనుకున్న మనిషి గుడ్డను వేళ్ళ మధ్య నలిపి చూసి వద్దన్న సన్నివేశం మన కథలోకి ఎందుకు రాలేదు? ఆమె చేసింది కూడా విమర్శే కదా.

ఇంకొక సంగతి. పాత నూలుచీర చిరిగాక ఉయ్యాలయ్యేది, పొత్తిళ్ళయ్యేది, నాలుగు పొరలు కలిపి కుడితే బొంతయ్యేది. పాలిస్టర్ చీర బొంత వెచ్చగా ఉండదని, పసిపిల్ల ఒళ్ళు పేలుతుందని ఆడవాళ్ళు చెబుతారు. ఒడిబియ్యానికీ పెళ్ళికీ వచ్చిన చీరలు కట్టకుండానే బీరువాలో పేరుకుని, మళ్ళీ ఇంకొకరికి పెట్టుబడిగా వెళ్ళిపోతాయి. ఏ ఇంటికి ఎంత ఖరీదు చీర పెట్టాలన్న లెక్కలో సంఘం అప్పు ఉంటుంది, వారం వారం కట్టే వాయిదా ఉంటుంది. ఆ బీరువా తలుపు తీసి రాసిన కథ ఒక్కటి నా చేతికి వస్తే, చిరుగుల చీర కథలు పది పక్కన పెట్టి ముందు దాన్నే చదువుతాను.