ఎక్స్‌పీ అదే, డబ్బా కొత్తది

మైక్రోసాఫ్ట్ 2014 ఏప్రిల్ 8న అప్‌డేట్లు ఆపేసిన విండోస్ ఎక్స్‌పీని మా వినుకొండ డీటీపీ షాపుల్లో నేనింకా చూస్తూనే ఉన్నాను. పెళ్లి శుభలేఖలు, తిరునాళ్ల కరపత్రాలు, జాషువా జయంతి బ్యానర్లు అన్నీ పేజ్‌మేకర్‌లో, అను ఫాంట్లతో. పేజ్‌మేకర్ ఆఖరి వెర్షన్ 7 వచ్చింది 2001లో. ఇంకా అదేనా అనేవాళ్లున్నారు. నేననను. అను ఫాంట్లలో కొట్టింది కంప్యూటర్ లెక్కలో తెలుగు కాదు, ఇంగ్లిషు అక్షరాల గళ్లలో కూర్చోబెట్టిన తెలుగు ముక్కలు. ఆ ఫాంటు లేని మెషిన్‌లో తెరిస్తే పెళ్లికూతురి పేరు కూడా పిచ్చిగీతలే. పైగా ఆపరేటర్ వేళ్లు అనులోని ‘ఆపిల్’ కీబోర్డు లేఅవుట్‌కు అలవాటుపడి ఏళ్లయింది.

అందుకే మదర్‌బోర్డు మీద కెపాసిటర్లు ఉబ్బితే షాపువాళ్లు అడిగేది ఒక్కటే: “అన్నా, ఫార్మాట్ కొట్టొద్దు. ఉన్నది ఉన్నట్టు కొత్తదాంట్లోకి ఎక్కించు.”

హార్డ్‌డిస్కు ఊడదీసి కొత్త బోర్డుకు తగిలించగానే ఎక్స్‌పీ లోగో మెరుస్తుంది, వెంటనే నీలం తెర, చివర 7బీ అని కోడ్. డిస్కుకేం కాలేదు. దాన్ని చదవాల్సిన కంట్రోలర్ డ్రైవర్ పాత బోర్డుది. ఏహెచ్‌సీఐ డ్రైవర్ ఎక్స్‌పీతో రాలేదు కాబట్టి బయాస్‌లో సాటా మోడ్‌ను ఐడీఈకి మార్చాలి. చాలాసార్లు అదొక్కటే చాలదు. పాత మెషిన్ ఆడుతుండగానే డివైస్ మేనేజర్‌లోకి వెళ్లి, కంట్రోలర్ డ్రైవర్ స్థానంలో ‘స్టాండర్డ్ డ్యూయల్ ఛానల్ పీసీఐ ఐడీఈ’ పెట్టాలి. రీస్టార్ట్ చేయమంటుంది. చేయొద్దు, నేరుగా షట్‌డౌన్. తర్వాత క్లోన్‌జిల్లాతో నకలు తీసి, ఆ నకలునే కొత్త బోర్డుకు తగిలించి, అసలు డిస్కును బీరువాలో పెట్టాలి. నకలు తీయకుండా అసలుదాని మీద ప్రయోగాలు చేసే మెకానిక్‌ను నేను దగ్గరికి రానివ్వను. తెర వచ్చాక డ్రైవర్లు ఒక్కొక్కటే ఎక్కించుకోవాలి. యాక్టివేషన్ మళ్లీ అడగొచ్చు, కీ స్టిక్కర్ ఉన్న పాత డబ్బాను తుక్కుకు వేయకండి.

నా బాధల్లా ఒకటే, పిలుపు బోర్డు చచ్చాకే వస్తుంది. అప్పుడూ దారి ఉంది. రిజిస్ట్రీని వేరే మెషిన్‌లో తెరిచి దిద్దుకోవచ్చు, కానీ పూటలో అయ్యే పని రోజంతా పడుతుంది. ముహూర్తాల సీజన్‌లో అంత టైము ఎవరికుంది?

ఈమధ్య బోర్డుల్లో చాలావాటికి ఐడీఈ మోడే లేదు. వాటిలో ఎక్స్‌పీ మొత్తాన్ని వర్చువల్‌బాక్స్‌లో పెట్టి, కొత్త విండోస్ లోపలే నడిపించవచ్చు. దానికి నెట్ మాత్రం ఇవ్వకండి. కొత్త శుభలేఖలు యూనికోడ్‌లో మొదలుపెట్టండి, పాతవి అడిగినప్పుడే ఆ కిటికీ తెరవండి. ప్యారలల్ పోర్టు ప్రింటర్ వాడుతుంటే బోర్డు కొనకముందే చెప్పండి, ఆ పోర్టున్నది వెతకాలి.