అక్షరం రాకున్నా చదవగల గీత

పొల్లాచ్చి చుట్టుపక్కల ఎన్నో తెలుగు కుటుంబాల్లో తరతరాలుగా ఇంట్లో తెలుగు, బడిలో తమిళం. నోటినిండా మాట ఉన్నా చాలామందికి మన లిపి రాదు. అలాంటివాళ్ల చేతిలోనూ బాపు బొమ్మ పెట్టొచ్చు.

బాపు అసలు పేరు సత్తిరాజు లక్ష్మీనారాయణ. 1933లో నరసాపురంలో పుట్టిన ఆయన లా చదివి, పత్రికలకు బొమ్మలు వేసి, 1967లో ‘సాక్షి’తో దర్శకుడయ్యారు. గోదావరి సీమలోని పులిదిండిలో తీసిన సినిమా అది. షూటింగుకు ముందే షాట్లను బొమ్మలుగా గీసుకోవడం ఆయన అలవాటు.

ఆ గీతను దగ్గరగా చూడండి. ఒక్క వంపులో నడుము, దాని మీదుగా జారిన జడ, విప్పారిన కళ్లు. చుట్టూ కాగితం ఖాళీ. అరుగూ పెరడూ చూసేవాళ్లే నింపుకోవాలి, ఎవరి ఊరిని వాళ్లు. ఇంత పొదుపు మరొకరికి చేతకాలేదనే చెప్పాలి! బాపు తీసిన ‘ముత్యాలముగ్గు’ (1975)లో ఇషాన్ ఆర్య కెమెరా ఆ పొదుపును పట్టుకుంది, జాతీయ పురస్కారమూ తెచ్చుకుంది.

ఆయనదే ‘సీతాకల్యాణం’ (1976)లో గంగ దిగివచ్చే ఘట్టానికి మాటల అవసరమే తక్కువ. తెలుగు చదవలేని పిల్లలకు ముందు అదే చూపించాలి.

2014 ఆగస్టు 31న ఆయన చెన్నైలో కన్నుమూశారు. ఆయన చేతిరాత కంప్యూటర్ ఫాంటుగా మారి శుభలేఖల మీదికెక్కింది.